మెనాండ్రోస్ నుంచి మిలిందుడి దాకా: ఒక గ్రీకు పేరు అర్థం

ఈ ఏటి స్మారకోపన్యాసానికి నేను ఎంచుకున్న విషయం ఒక మగపిల్లవాడి పేరు. గ్రీకు పేరు: మెనాండ్రోస్. క్రీస్తుకు పూర్వం ఐదు, నాలుగు శతాబ్దాల ఏథెన్సులో ఈ పేరు పెట్టుకున్న సేనానులున్నారు, కవులున్నారు, సామాన్య పౌరులున్నారు. ఇవాళ్టి గ్రీసులో ఎటు చూసినా గియోర్గోస్, యానిస్, కొస్తాస్, దిమిత్రిస్, నికోస్ అనే పేర్లే. మెనాండ్రోస్ అనే పిల్లవాడు కనిపించడం అరుదు. ఏథెన్సు నడిబొడ్డున ఒక వీధికి మాత్రం ఆ పేరు నిలిచి ఉంది. అదే పేరు మన దేశానికి వచ్చి పాళీలో మిలిందుడైంది, మరాఠీ ఇళ్లలో మిలింద్ అయింది. మన బడి పుస్తకాల్లో మినాండర్ అని చదువుకున్న ఇండో-గ్రీకు రాజు, బౌద్ధ సాహిత్యంలో నాగసేనుణ్ణి ప్రశ్నలు అడిగిన మిలిందుడు ఒక్కరే. పుట్టిన గడ్డ మీద వాడుక తగ్గిపోయిన పేరు వేల మైళ్ల దూరాన ఇంట్లో పిలుచుకునే పేరు ఎలా అయింది? ఈ ప్రశ్న వెంట పోతే, అసలు పేరుకు అర్థం ఎక్కడ ఉంటుందనే పెద్ద ప్రశ్న ఎదురవుతుంది. ధాతువులోనే అర్థం పూర్తిగా ఉండదనీ, ఆ పేరును మోసిన మనుషుల నడవడిలో, వాళ్లను తలచుకునే జనం నోట అది తయారవుతుందనీ నా వాదం. ధాతువును నమ్ముకున్నవాళ్లకు ఇది రుచించకపోవచ్చు. వాళ్ల ఆక్షేపణలను దాటవేయకుండా ఒక్కొక్కటిగా తీసుకుంటాను.

ముందు నిఘంటువు చెప్పేది విందాం. మెనాండ్రోస్ రెండు మాటల సమాసం. చివరి భాగంలో తగాదా లేదు. గ్రీకులో ఆనేర్ అంటే పురుషుడు, దాని షష్ఠీ రూపం ఆండ్రోస్. సంస్కృతంలోని నృ, నర శబ్దాలు దీనికి దాయాదులు. పేచీ మొదటి భాగం దగ్గరే. మెనో అనే క్రియ నుంచి వచ్చిందనుకుంటే నిలబడటం, శత్రువు మీదికి వస్తున్నా కదలకుండా ఉండటం అనే భావం వస్తుంది. అప్పుడు మెనాండ్రోస్ ఎదిరి పురుషుల ధాటికి చెక్కుచెదరనివాడు. మెనోస్ అనే నామవాచకం నుంచి వచ్చిందనుకుంటే ఆవేశం, సత్తువ, పట్టుదల అనే భావాలు వస్తాయి. అప్పుడు అతడు పురుషుల సత్తువ గలవాడు. మెనెలావోస్, మెనెక్రాతేస్ లాంటి పేర్లను పక్కన పెట్టి చూస్తే మొదటి దారికే మొగ్గు ఎక్కువ. రెండో దారికి మాత్రం మన వైపు నుంచి ఒక ఆకర్షణ ఉంది. మెనోస్ అన్నది మన మనస్ శబ్దానికి తోబుట్టువు. గ్రీకుల ఎవ్‌మెనేస్, మన సుమనస్ ఒకే అచ్చులో పోసినవి. వాళ్ల దుస్మెనేస్, మన దుర్మనస్ కూడా అంతే. వేదంలో ఇంద్రుడి వంటి వీరులకు వాడిన నృమణస్ అనే విశేషణం భాగాలను తారుమారు చేస్తే ఈ గ్రీకు పేరుకు చాలా దగ్గరగా వస్తుంది. రెండు జాతుల పూర్వీకులు పిల్లలకు పేర్లు కూర్చిన పద్ధతి ఒకటేనని చెప్పడానికి ఇంతకన్నా మంచి ఉదాహరణలు కొద్ది. అయినా ఇక్కడ ఒక సంగతి గమనించాలి. నిఘంటువు చేతిలో ఒక అర్థం లేదు, రెండున్నాయి. ఏది అసలుదో తేలకుండానే ఆ పేరు వెయ్యేళ్లు చక్కగా బతికింది.

దీనికి మొదటి ఆక్షేపణ గ్రీకుల వైపు నుంచే వస్తుంది. గ్రీకులు పేర్ల అర్థాన్ని అంత తేలిగ్గా తీసుకున్నారా? ప్లేటో పేర్ల ఔచిత్యం గురించి క్రాతిలోస్ అనే సంవాదమే రాశాడు కదా? హెర్మొగెనేస్ అనే పేరున్న మనిషికి హెర్మేస్ దేవుడి వంశంవాడికి ఉండాల్సిన లక్షణం లేదని అందులో చర్చ నడుస్తుంది. నిజమే. కానీ తత్వవేత్తల చర్చను వదిలి, ఇళ్లలో పేర్లు ఎలా పెట్టారో చూస్తే చిత్రం మారిపోతుంది. క్రీ.పూ. 423లో ఆడిన అరిస్టోఫనీస్ నాటకం 'మేఘాలు'లో మొగుడూ పెళ్లాం కొడుకు పేరు కోసం పోట్లాడుకున్న సంగతి ఉంది. ఆమె పెద్దింటి పిల్ల. గుర్రాన్ని సూచించే ఇప్పోస్ అనే మాట పేరులో ఉండాలని పట్టుబడుతుంది, ఎందుకంటే ఆ ఊళ్లో గుర్రాలు పోషించగలిగేది సంపన్నులే. అతడు పల్లెటూరి రైతు. పొదుపును సూచించే తాత పేరు ఫైదోనిదేస్ పెట్టాలంటాడు. చివరికి రాజీకొచ్చి ఫైదిప్పిదేస్ అని పెడతారు. పొదుపు, గుర్రం కలిసి ఏ అర్థమిస్తాయి? ఏ అర్థమూ ఇవ్వవు. ఇద్దరికీ కావలసింది పదార్థం కాదు, తమ తమ వంశం పేరులో కనిపించడం. ఇది హాస్యనాటకంలోని కల్పనే కావచ్చు, కానీ ప్రేక్షకులు నవ్వాలంటే అటువంటి రాజీలు వాళ్లకు తెలిసినవై ఉండాలి. గ్రీకులు పేరులోని భాగాలను ముందూవెనకా చేసి వాడుకున్న తీరు కూడా దీన్నే చెబుతుంది. మెనాండ్రోస్ ఉన్నచోటే ఆండ్రొమెనేస్ కూడా ఉంది. తండ్రి పేరులోని ఒక ముక్క, తాత పేరులోని ఒక ముక్క కలిపి బిడ్డకు పెట్టడం మామూలు.

ఇంకో సాక్ష్యం న్యాయస్థానం నుంచి. డెమోస్తనీస్ రాసిన వ్యాజ్య ప్రసంగాల్లో ఒకటి కేవలం పేరు మీద తగువు. మాంతియాస్ అనే అతనికి ఇద్దరు స్త్రీల వల్ల కొడుకులు పుట్టారు. వాళ్లలో ఒకడి పేరు మాంతిథెవోస్, రెండో స్త్రీ కొడుకుల్లో ఒకడి పేరు బొయోతోస్. ఈ బొయోతోస్ కూడా తానే మాంతిథెవోస్‌నని చెప్పుకుంటున్నాడని మొదటివాడు కోర్టుకెక్కాడు. అది వాళ్ల తండ్రికి తండ్రి పేరు, అంటే పెద్ద కొడుక్కి రావలసిన తాత పేరు. బిడ్డ పుట్టిన పదో నాడు బంధువుల మధ్య పేరు పెట్టే వేడుకలో తండ్రి తనకే ఆ పేరు ఇచ్చాడని వాది సాక్ష్యం తెస్తాడు. నగరం ఏదైనా పనికి ఆ తండ్రి కొడుకైన మాంతిథెవోస్ రావాలని పిలిస్తే ఎవరు వెళ్లాలి, పన్ను ఎవరు కట్టాలి, శిక్ష ఎవరికి పడాలి అని అడుగుతాడు. ఆ పేరుకు వ్యుత్పత్తి ఏమిటన్న మాట ఈ గొడవలో ఎక్కడా రాదు. తాత పేరు మనవడికి పెట్టే తెలుగువాళ్లకు ఈ తగువు తీరు వివరించి చెప్పనక్కర్లేదు. పేరంటే ఇంట్లో ఒక స్థానం, వీధిలో ఒక గుర్తింపు.

ఇక మెనాండ్రోస్‌ను మోసినవాళ్ల దగ్గరికి వద్దాం. ఎదురు నిలిచేవాడనే అర్థమే ఈ పేరుకు ప్రాణమైతే, చరిత్ర ఆ అర్థాన్ని నిలబెట్టలేదు. క్రీ.పూ. 413లో సిరక్యూస్ దగ్గర ఏథెన్సు నావికాదళం నాశనమైనప్పుడు నికియాస్‌కు తోడుగా ఉన్న సేనానుల్లో ఒకడు మెనాండ్రోస్. క్రీ.పూ. 405లో ఈగోస్ పొటామి దగ్గర మిగిలిన నావలు కూడా పోయి ఏథెన్సు ఓడిపోయినప్పుడు, హెచ్చరించడానికి వచ్చిన అల్కిబయాడీస్‌ను కసిరి పంపించేసిన సేనానుల్లోనూ ఒకడి పేరు మెనాండ్రోసే. తరువాత అలెగ్జాండర్ సహచరుల్లో ఒక మెనాండ్రోస్ లిడియా ప్రాంతానికి పాలకుడయ్యాడు. వీళ్లెవరి వల్లా ఈ పేరు ప్రసిద్ధికి రాలేదు. దీనికి ప్రతిష్ఠ తెచ్చింది యుద్ధంతో సంబంధం లేని ఒక నాటకకర్త. క్రీ.పూ. 342 ప్రాంతంలో ఏథెన్సులో పుట్టాడు. తియోఫ్రాస్తోస్ దగ్గర చదివాడని, ఎపిక్యూరస్‌తో కలిసి సైనిక శిక్షణ పొందాడని ప్రాచీనులు చెబుతారు. 100కు పైగా హాస్యనాటకాలు రాశాడు, పోటీల్లో గెలిచింది మాత్రం ఎనిమిది సార్లే. దేవుళ్లను, రాజకీయ నాయకులను వేదిక నుంచి దించేసి, పక్కింటి తండ్రిని, ప్రేమలో పడ్డ కుర్రవాణ్ణి, తెలివైన బానిసను, మొండి ముసలివాణ్ణి ఎక్కించాడు. జీవితానికి ఇతని నాటకం నకలో, ఇతని నాటకానికి జీవితం నకలో తేల్చుకోలేకపోతున్నానని అలెగ్జాండ్రియాలోని ఒక గొప్ప విమర్శకుడు విస్మయపడ్డాడట. రోమన్లు అతని నాటకాలను తమ భాషలోకి తెచ్చుకుని ఆడారు. సెయింట్ పాల్ కొరింథీయులకు రాసిన మొదటి లేఖలో దుష్ట సాంగత్యం గురించి చెప్పిన మాట కూడా ఇతని నాటకంలోదే అంటారు. ఆ కాలంలో మెనాండ్రోస్ అన్న పేరు వింటే చదువుకున్నవాడికి గుర్తుకొచ్చేది కదలని యోధుడు కాదు, మనుషుల లోపాలను ప్రేమగా చూసే కన్ను. ధాతువు అక్కడే ఉంది, అర్థం మాత్రం దాన్ని దాటి వచ్చేసింది.

మరి ఇంత ప్రతిష్ఠ ఉన్న పేరు అరుదైపోయిందెందుకు? అందులో ఏదో లోపం ఉందని అనుకోవడం పొరపాటు. మతం మారింది, పేర్ల పట్టిక మారింది. క్రైస్తవ సమాజంలో పిల్లవాడికి పుణ్యపురుషుడి పేరు పెట్టి, ఆ పుణ్యపురుషుడి పండుగ నాడే అతని వేడుక జరపడం ఆచారమైంది. నిజానికి మెనాండ్రోస్‌కు ఆ పట్టికలో చోటు లేకపోలేదు. ప్రూసా పట్టణంలో బిషప్ పాట్రికియోస్‌తో పాటు ప్రాణాలిచ్చిన ఒక మెనాండ్రోస్‌ను చర్చి మే 19న తలచుకుంటుంది. కానీ గియోర్గోస్, నికోలావోస్‌ల ముందు ఆ స్మరణ ఎంతటిది? 19వ శతాబ్దం మొదట్లో గ్రీకు జాతీయ చైతన్యం పుంజుకుని పిల్లలకు ప్రాచీన పేర్లు పెట్టే అలవాటు మళ్లీ వచ్చింది. కిదోనియెస్ పట్టణంలోని పాఠశాల విద్యార్థులైతే తమకు తామే పాత పేర్లు పెట్టుకున్నారు. 1819లో కాన్‌స్టాంటినోపుల్ మతపీఠాధిపతి ఐదో గ్రెగొరీ ఈ కొత్త అలవాటును ఖండిస్తూ ఆదేశం వెలువరించాడు. ఆదేశం ఆపలేకపోయింది. తెమిస్తోక్లిస్, పెరిక్లిస్, అరిస్తిదిస్, సొక్రాతిస్ ఇళ్లలోకి తిరిగి వచ్చారు. మెనాండ్రోస్‌కు ఆ భాగ్యం పెద్దగా దక్కలేదు. కారణం ఒకటే అనిపిస్తుంది: అప్పటికి నాటకకర్త మెనాండ్రోస్ రచనలు లోకంలో లేవు. బైజాంటైన్ కాలంలోనే పోయాయి. ఇతరులు ఉదహరించిన ముక్కలు మాత్రమే మిగిలాయి. 1905లో ఈజిప్టు ఇసుకలో ఒక పాపిరస్ పుస్తకం దొరికింది, 1958లో అతని నాటకం 'దిస్కొలోస్' దాదాపు పూర్తిగా అచ్చయింది. అప్పటికి పేర్ల కెరటం వెళ్లిపోయింది. మోసినవాడి పని కనబడకపోతే పేరు కూడా వాడుకలో నుంచి జారిపోతుందనడానికి ఇది గట్టి నిదర్శనం. ఒక పేరు అరుదు కావడం ఎప్పుడూ దాని గొప్పతనం కాదు. చాలాసార్లు అది జనం మతిమరుపు.

ఇప్పుడు తూర్పు వైపు తిరుగుదాం. అలెగ్జాండర్ తరువాత బాక్ట్రియాలో, కాబూల్ లోయలో, గాంధారంలో నిలిచిపోయిన గ్రీకులు తమ పేర్లు తమ వెంట తెచ్చుకున్నారు. వాళ్లలో క్రీ.పూ. రెండో శతాబ్దం మధ్యలో పాలించిన మెనాండ్రోస్ అందరికన్నా పెద్ద రాజు. ఇతడు అలెగ్జాండర్ కంటే ఎక్కువ జాతులను జయించాడన్న మాటను స్ట్రాబో నమోదు చేశాడు. ఇతని తరువాత దాదాపు రెండు శతాబ్దాలకు కూడా భరుకచ్ఛం రేవులో ఇతని నాణేలు చెల్లుతున్నాయని ఎర్ర సముద్ర వర్తక గ్రంథం రాసిన నావికుడు చెప్పాడు. ఆ నాణేన్ని ఒకసారి నిదానంగా చదవాలి. ఒక వైపు గ్రీకు లిపిలో బసిలెయోస్ సోతేరోస్ మెనాండ్రూ అని ఉంటుంది. అంటే రాజు, రక్షకుడు అయిన మెనాండ్రోస్‌ది అని. రెండో వైపు ఖరోష్ఠీ లిపిలో ప్రాకృతంలో మహరజస త్రతరస మెనంద్రస అని ఉంటుంది. బసిలెవ్స్ మహారాజు అయింది. సోతేర్ త్రాత అయింది. రెండూ చక్కగా అనువాదమయ్యాయి. పేరు మాత్రం అనువాదం కాలేదు. ఎదురు నిలిచే పురుషుడని ప్రాకృతంలో చెప్పడం ఆ టంకశాల పండితుడికి చేతకాక కాదు. బిరుదుకు అర్థం కావాలి, పేరుకు శబ్దమే కావాలి అని అతనికి తెలుసు. వేలి గోరంత లోహపు అంచు మీద ఆ తేడాను ఇంత స్పష్టంగా చూపిన ఆధారం నాకు మరొకటి కనిపించదు.

శబ్దం చేతులు మారినప్పుడు ఏం జరుగుతుందో పాళీ చూపిస్తుంది. మెనంద్ర అన్నది మిలింద అయింది. పక్కపక్కనే వచ్చే అనునాసికాల్లో ఒకటి లకారంగా మారడం మామూలు ధ్వనిమార్పే. కానీ చివరి ముక్క సంగతి వేరు. పాళీలో ఇంద అంటే ఇంద్రుడు. భారతీయ చెవి ఆ విదేశీ పేరు చివర నరేంద్రుడిలో, రాజేంద్రుడిలో వినిపించే ఇంద్రుణ్ణి విన్నది. 11వ శతాబ్దంలో కాశ్మీర కవి క్షేమేంద్రుడి నాటికి సంస్కృతంలో అది మిలింద్ర రూపంలోనూ కనిపిస్తుంది. చైనా అనువాదంలో మిలన్ అయింది. గ్రీకు ఆండ్రోస్ పోయి ఇంద్రుడు వచ్చాడంటే, నిఘంటువు చెప్పిన రెండు అర్థాల్లో ఒక్కటి కూడా మిగల్లేదు. అయినా ఆ పేరు ఆ రాజుదే. మన దేశానికి వచ్చిన యవనులు చాలామంది ఈ మాత్రం శబ్దాన్ని కూడా మిగుల్చుకోలేదని గుర్తుంచుకోవాలి. నాసిక్ గుహల్లో దానం చేసిన దత్తామిత్రి యవనుడి పేరు ఇంద్రాగ్నిదత్తుడు, తండ్రి పేరు ధర్మదేవుడు. శాతవాహనుల కాలపు కార్లే గుహల్లో ధేనుకాకటం నుంచి వచ్చిన యవన దాతల పేర్లూ భారతీయమే. అలసంద నుంచి భిక్షువులతో లంకకు వెళ్లాడని మహావంశం చెప్పిన యవన స్థవిరుడు మహాధర్మరక్షితుడు. వాళ్లు కొత్త పేర్లు తీసుకున్నారు. మిలిందుడి పాత పేరును మాత్రం జనం వదల్లేదు, తమ నోటికి తగ్గట్టు సాన పెట్టుకున్నారు.

వదలకపోవడానికి కారణం 'మిలింద పఞ్హ' అనే పాళీ గ్రంథం. ఇందులో రాజు అడిగిన తొలి ప్రశ్న పేరు గురించే కావడం నా వాదానికి దక్కిన అదృష్టం. మీ పేరేమిటని రాజు అడుగుతాడు. నన్ను నాగసేనుడంటారు, కానీ తల్లిదండ్రులు నాగసేనుడనో, శూరసేనుడనో, వీరసేనుడనో, సింహసేనుడనో పెడతారు, అది ఒక వాడుక మాత్రమే, ఆ పేరు వెనక పట్టుకోదగ్గ వ్యక్తి లేడు అంటాడు భిక్షువు. రాజు విడిచిపెట్టడు. వ్యక్తి లేకపోతే భిక్ష ఎవరికి, శీలం ఎవరిది, మిమ్మల్ని చంపినవాడికి పాపం ఎందుకు? జుట్టు నాగసేనుడా, గోళ్లు నాగసేనుడా, వేదన నాగసేనుడా అని నిలదీస్తాడు. అప్పుడు నాగసేనుడు, రాజు ఎక్కి వచ్చిన రథాన్నే ఆధారం చేసుకుంటాడు. నొగ రథమా, ఇరుసు రథమా, చక్రం రథమా? ఏదీ కాదు. అయినా ఇవన్నీ కూడినప్పుడు రథమనే వ్యవహారం పుడుతుంది. నాగసేనుడన్నదీ అలాంటిదే. పేరు పేరుగా పనిచేస్తుంది, లోపల దానికి దీటైన సారం ఏదీ దాగి ఉండదు. ఇక్కడ వాడిన పఞ్ఞత్తి అనే మాటే సంస్కృతంలో ప్రజ్ఞప్తి. మన కృష్ణా తీరంతో సంప్రదాయం ముడిపెట్టిన ఆచార్య నాగార్జునుడు మాధ్యమిక కారికల్లో దాన్నే పునాదిగా చేసుకుని శూన్యవాదాన్ని నిలిపాడు. ఆ దారి మన ఇంటి ముంగిట నుంచే వెళ్లింది. పేరును దాటి ఏమీ లేదన్న బౌద్ధం పేర్లను పారేయమనలేదన్నది గమనార్హం. వాడుకను ఒప్పుకుని, వాడుకకు మించిన గర్వాన్ని మాత్రం కాదన్నది. ధాతువులో అర్థం వెతికేవాళ్లకు నాగసేనుడి జవాబు ఇదే. విడి భాగాల్లో వెతికితే దొరకదు. ఆ పేరుతో కూడిన కూటమి మొత్తంలో దొరుకుతుంది: పుట్టుక, పనులు, మాటలు, తలపులు.

ఆ కూటమిలో మిలిందుడి భాగంగా నిలిచిందేమిటి? అదే గ్రంథంలో ఒక చిన్న ఘట్టం ఉంది. నాతో వాదిస్తారా అని రాజు అడిగితే, పండితుల తీరున వాదిస్తే సరే, రాజుల తీరున అయితే వద్దు అంటాడు నాగసేనుడు. తేడా ఏమిటని రాజు అడుగుతాడు. పండితుల వాదంలో చిక్కు ముడిపడుతుంది, విడుతుంది, తప్పు ఒప్పుకోవడం ఉంటుంది, అయినా కోపం రాదు. రాజులైతే ఒక మాట నిలబెట్టి, కాదన్నవాడికి శిక్ష వేయిస్తారు. అయితే పండితుల తీరునే వాదిస్తాను, భయం లేకుండా మాట్లాడండి అంటాడు మిలిందుడు. ఈ ఒక్క అంగీకారంలోనే ఆ పేరుకు మన దేశంలో దక్కిన అర్థమంతా ఉందని నేను నమ్ముతాను. జయించిన దేశంలో, తన సైనికుల మధ్య, కిరీటాన్ని పక్కనపెట్టి, నీ మాట తప్పైతే తప్పని చెప్పు, నా మాట తప్పైతే ఒప్పుకుంటాను అన్న పాలకుడు. ప్రశ్న అడగడం హక్కుగా, ఓడిపోవడం అవమానం కాని సంగతిగా చూసినవాడు. ఎదురు నిలవడం అనే గ్రీకు ధాతువుకు ఇది దాదాపు తిరగబడిన అర్థం. పేరు ఆకర్షణ అక్కడే ఉంది.

ఇక్కడ చరిత్రకారులు తప్పకుండా అడ్డు తగులుతారు. ఆ మిలిందుడు కావ్యపురుషుడు కదా, అసలు మెనాండ్రోస్ బౌద్ధుడేనా అని. గౌరవించాల్సిన ప్రశ్న. అతని నాణేల మీద ఎక్కువగా కనిపించేది పిడుగు విసురుతున్న గ్రీకు దేవత అథీనా. కొన్ని చిన్న రాగి నాణేల మీద ఎనిమిది ఆకుల చక్రం ఉంది గానీ, అది ధర్మచక్రమో, చక్రవర్తి చిహ్నమో గట్టిగా చెప్పలేం. గ్రంథంలోని చివరి భాగాలు చైనా అనువాదంలో లేవు, అంటే తరువాత చేరినవి. అందులో రాజు కొడుకుకు రాజ్యం ఇచ్చి సన్యసించాడని ఉంది. ప్లూటార్క్ మాత్రం అతడు దండయాత్రలో, శిబిరంలో చనిపోయాడని, అతని చితాభస్మం కోసం నగరాలు పోటీపడి పంచుకుని స్మారకాలు కట్టుకున్నాయని రాశాడు. ఈ రెండూ పొసగవు. ప్లూటార్క్ చెప్పిన పంపకం కథ బుద్ధుడి అస్థికల పంపకాన్ని గుర్తుచేస్తుందని పండితులు ఎప్పుడో గమనించారు. ఇవన్నీ ఒప్పుకున్నాక కూడా ఒక సంగతి మిగులుతుంది. ఇండో-గ్రీకు రాజులు ముప్పైమందికి పైగా ఉన్నారు. అంతియల్కిదాస్, అపొలొదోతోస్, స్ట్రాటో, హెర్మాయోస్ లాంటి పేర్లన్నీ నాణేల నిపుణుల జాబితాల్లో ఉండిపోయాయి. సంవాదాన్ని రచించిన భిక్షువులు ఈ ఒక్క పేరునే ప్రశ్నించే రాజుకు పెట్టారు. గ్రీకు రచయితకు అతడు న్యాయంగా పాలించిన రాజు, పాళీ రచయితకు న్యాయంగా వాదించిన రాజు. పరస్పరం తెలియని రెండు సంప్రదాయాలు ఒకే మనిషిలో న్యాయాన్నే చూశాయంటే, కల్పన వెనక ఒక కీర్తి ఉండి ఉండాలి. చరిత్ర అంతకుమించి చెప్పలేకపోవచ్చు, పేరు అర్థానికి అది చాలు.

మరో అడ్డంకి మన నిఘంటువుల నుంచి వస్తుంది. మిళిందము అంటే తుమ్మెద అని తెలుగు విద్యార్థికి తెలుసు. సంస్కృత కావ్యభాషలో మిలిందం తుమ్మెదే. మరి మరాఠీ మిలింద్ రాజు పేరా, తుమ్మెద పేరా? రెండూ కావచ్చు, ఇంటిని బట్టి తేడా ఉంటుంది. కవితాత్మకమైన సంస్కృత పదం కోసం ఆ పేరు పెట్టిన ఇళ్లున్నాయి, వాళ్లను తప్పుపట్టే హక్కు ఎవరికీ లేదు. కానీ డాక్టర్ అంబేద్కర్ స్థాపించిన పీపుల్స్ ఎడ్యుకేషన్ సొసైటీ 1950లో ఔరంగాబాదులో పెట్టిన కళాశాల విషయంలో, అది మిలింద్ మహావిద్యాలయం అయిందీ, ఆ ఆవరణ నాగసేనవనం అయిందీ తుమ్మెద కోసం కాదు. అప్పటికి ఔరంగాబాదు మనతో పాటు హైదరాబాదు రాష్ట్రంలోనే ఉంది. చదువుకు దూరంగా ఉంచిన కులాల పిల్లలకు ఆ ప్రాంతంలో ఉన్నత విద్య తలుపు తెరిచిన సంస్థ అది. ప్రశ్నించిన రాజు పేరు కళాశాలకు, జవాబిచ్చిన భిక్షువు పేరు ఆవరణకు పెట్టడంలో ఉన్న ఆలోచన వివరణ అక్కర్లేనంత స్పష్టం. 1956 అక్టోబరు 14న నాగపూరులో అంబేద్కర్ తీసుకున్న బౌద్ధ దీక్ష తరువాత నవబౌద్ధ కుటుంబాల్లో సిద్ధార్థ్, రాహుల్, ఆనంద్‌లతో పాటు మిలింద్ కూడా ఇష్టమైన పేరైంది. అక్కడ ఆ పేరు అర్థం ఎదురు నిలిచే పురుషుడు కాదు, తుమ్మెదా కాదు, ఇంద్రుడూ కాదు. అడిగే హక్కు. ఆ అర్థం ఏ ధాతుకోశంలోనూ దొరకదు, అయినా నాలుగింటిలో అదే అతి బలమైనది. ఆ కుటుంబాల వెనక దాన్ని మోసిన పోరాటం ఉంది కాబట్టి.

చివరిగా మన ఊళ్ల సంగతి. తెలుగు ఇళ్లలో ఇప్పుడు పేర్ల ఎంపిక మారింది. తాత పేరు, ఇలవేలుపు పేరు వెనక్కి వెళ్లి, ఎవరికీ లేని పేరు, గూఢమైన అర్థం ఉన్న పేరు ముందుకు వచ్చాయి. అమెరికాలో, ఆస్ట్రేలియాలో పుట్టే మన పిల్లలకు అక్కడివాళ్ల నోరు కూడా తిరగాలన్న కోరిక దానికి తోడైంది. ఇందులో తప్పు లేదు. ప్రతి తరం తన ఆశలను బట్టే పేర్లు పెడుతుంది, అరిస్టోఫనీస్ నాటి ఆ తల్లి గుర్రాన్ని కోరుకున్నట్టే. అయితే పేరు ముందు ఒక ధాతువు, పక్కన ఒక అర్థం రాసి ఉన్న జాబితాలను చూసి తృప్తిపడటం మాత్రం చాలదని మెనాండ్రోస్ కథ చెబుతుంది. ఆ పేరును ఎవరు మోశారు, ఏం చేశారు, ఎవరు వాళ్లను గుర్తుపెట్టుకున్నారు అన్నది కూడా చూడాలి. పేరు అరుదుగా ఉంటే ఆ వివరం తెలుసుకోవడం ఇంకా అవసరం, ఎందుకంటే దాన్ని బిడ్డకు చెప్పేవాళ్లు చుట్టుపక్కల ఉండరు. మీ ఇంట్లోనో, మీ బడిలోనో మిలింద్ అనే పిల్లవాడు ఉంటే, తన పేరుకు అర్థమేమిటని అతడు అడిగినప్పుడు తుమ్మెద అని చెప్పి ఆగిపోకండి. తన రాజధాని సాగలలో కిరీటం పక్కన పెట్టి ప్రశ్నలు అడిగిన యవన రాజు గురించి, భయపడకుండా జవాబు చెప్పిన భిక్షువు గురించి కూడా చెప్పండి.